ముగ్గు ముందు కూర్చుంటే పిలుపు వినిపించని పాప: ఏడీహెచ్‌డీ ఉన్నవారికి ఇంత ఏకాగ్రత ఎలా సాధ్యం?

ప్రశ్న: కాకినాడ నుంచి ఒక తండ్రి

అందరికీ నమస్కారం. మా పాపకు 11 ఏళ్లు, ఆరో తరగతి చదువుతోంది. పోయిన సంవత్సరం ఒక పిల్లల మానసిక వైద్యుడు, ఒక క్లినికల్ సైకాలజిస్టు కలిసి పరీక్షించి, పాపకు ఏడీహెచ్‌డీ (ధ్యాసను, చురుకుదనాన్ని అదుపులో పెట్టుకోవడం కష్టమయ్యే స్థితి), ఆటిజం రెండూ ఉన్నాయని నిర్ధారించారు. వాళ్లు చెప్పిన లక్షణాలన్నీ మేము చిన్నప్పటి నుంచి చూస్తున్నవే కాబట్టి అప్పుడు మాకు ఏ సందేహమూ రాలేదు. పాఠం సగంలో ఉండగానే ధ్యాస ఎటో వెళ్లిపోతుంది. రెండు లెక్కలు చేసి పుస్తకం వదిలి లేచిపోతుంది. నీళ్ల సీసా, జామెట్రీ బాక్సు రోజూ ఎక్కడో ఒకచోట మరిచిపోయి వస్తుంది. ప్రెషర్ కుక్కర్ విజిల్ వేస్తే చెవులు మూసుకుని వేరే గదిలోకి పరిగెడుతుంది.

సందేహం ముగ్గుల వల్ల వచ్చింది. ధనుర్మాసంలో మా అమ్మ వాకిట్లో ముగ్గు పెడుతుంటే పక్కన కూర్చుని చూడడం మొదలుపెట్టిన పాప, ఇప్పుడు నోటు పుస్తకాల నిండా చుక్కల ముగ్గులు వేస్తోంది. ముఖ్యంగా మెలికల ముగ్గులంటే ప్రాణం. బడి నుంచి వచ్చి పెన్సిలు పట్టుకుంటే చీకటి పడేవరకు తల ఎత్తదు. పేరు పెట్టి పిలిచినా వినిపించదు. పక్కన పెట్టిన ఉప్మా చల్లారిపోతుంది. బాత్‌రూముకు కూడా లేవకుండా బిగపట్టుకుని కూర్చుంటుంది. పుస్తకం తీసుకున్నామా, ఇల్లు దద్దరిల్లేలా ఏడుస్తుంది, ఆ రాత్రి అన్నం తినదు, నిద్ర పట్టదు.

ఇది చూసి మా అమ్మ, గంటల తరబడి కదలకుండా కూర్చునే పిల్లకు ధ్యాస నిలవదని ఎలా అంటారు, డాక్టర్లు పొరబడ్డారు అంటోంది. పాప క్లాస్ టీచరుగారు కూడా దాదాపు ఇదే మాట మరో విధంగా చెప్పారు: ఇష్టమైన పని ఇంత బాగా చేయగలిగినప్పుడు లెక్కలు చేయకపోవడం కేవలం మొండితనమేనని. నా భార్యకు, నాకు పాప మొండిదని అనిపించదు. కానీ వాళ్లకు ఏమని సమాధానం చెప్పాలో తెలియడం లేదు.

ఇంత గాఢమైన ఏకాగ్రత ఉందంటే రోగనిర్ధారణ తప్పని అర్థమా? అలా కాకపోతే, పాపను బాధపెట్టకుండా ఆ పనిలోంచి బయటికి తీసుకురావడం ఎలా? ఈ ముగ్గుల ఇష్టాన్ని మేము ప్రోత్సహించాలా, హద్దు పెట్టాలా? తెలిసినవారు దయచేసి వివరంగా రాయండి.

సమాధానం 1: క్లినికల్ సైకాలజిస్టు, విశాఖపట్నం

నమస్కారమండీ. మీ పాపను నేను చూడలేదు కనుక ఆమె నిర్ధారణ గురించి తీర్పు చెప్పను. కానీ మీ అమ్మగారు అడిగిన ప్రశ్నకు స్పష్టమైన జవాబు ఉంది: గంటల తరబడి ఒకే పనిలో మునిగిపోగలగడం ఏడీహెచ్‌డీ లేదనడానికి రుజువు కాదు. ఏడీహెచ్‌డీలో తక్కువగా ఉండేది ధ్యాస కాదు, ఆ ధ్యాసను అవసరమైన చోటికి, అవసరమైన వేళకు మళ్లించగలిగే అదుపు. మీ వైపు గోదావరి కాలువల్లో నీరు నిండుగా ఉన్నా, లాకు తలుపు తెరవవలసినప్పుడు తెరుచుకోకపోతే ఒక చేను ఎండిపోతుంది, మూయవలసినప్పుడు మూసుకోకపోతే మరొక చేను మునిగిపోతుంది. లెక్కల దగ్గర మీరు చూస్తున్నది మొదటిది, ముగ్గుల దగ్గర చూస్తున్నది రెండోది. లోపం నీటిలో లేదు.

ఆ రెండోదాన్నే పరిశోధకులు హైపర్‌ఫోకస్ అంటున్నారు. అషినాఫ్, అబూ-అకెల్ అనే ఇద్దరు పరిశోధకులు ఇంతవరకు వచ్చిన అధ్యయనాలను సమీక్షించి, దీనికి నాలుగు గుర్తులు చెప్పారు. మనిషిని లోపలికి లాగే పని ఒకటి ఉండాలి, ధ్యాస దాని మీద తీవ్రంగా నిలబడాలి, ఆ పనికి సంబంధం లేని పిలుపులూ శబ్దాలూ లోపలికి చేరడం తగ్గాలి, ఆ సమయంలో ఆ పని మెరుగ్గా సాగాలి. మీరు రాసిన వివరాల్లో ఈ నాలుగూ కనిపిస్తున్నాయి.

అయితే ఒక విషయం దాచకుండా చెప్పాలి. అమెరికన్ సైకియాట్రిక్ అసోసియేషన్ 2013లో వెలువరించిన డీఎస్ఎం-5 అనే మానసిక రుగ్మతల నిర్ధారణ గ్రంథంలో ఏడీహెచ్‌డీకి 18 లక్షణాలు ఇచ్చారు. వాటిలో హైపర్‌ఫోకస్ లేదు. 2019లో వచ్చిన ఒక అధ్యయనంలో ఏడీహెచ్‌డీ లక్షణాలు ఎక్కువగా ఉన్న పెద్దవారు చదువులోనూ, అభిరుచుల్లోనూ, తెరల ముందూ హైపర్‌ఫోకస్ ఎక్కువగా అనుభవిస్తున్నట్టు చెప్పారు. మరుసటి ఏడాది వచ్చిన ఇంకో అధ్యయనంలో మాత్రం ఏడీహెచ్‌డీ ఉన్నవారికీ లేనివారికీ అంత తేడా కనిపించలేదు. కాబట్టి హైపర్‌ఫోకస్ ఉంది గనుక ఏడీహెచ్‌డీ ఉందని కూడా ఎవరూ అనకూడదు. నిర్ధారణకు ఆధారం వేరు: లక్షణాలు 12 ఏళ్ల లోపే మొదలవడం, ఇల్లు, బడి వంటి కనీసం రెండు చోట్ల కనిపించడం, వాటివల్ల రోజువారీ జీవితానికి ఇబ్బంది కలగడం. మీరు చెప్పిన నీళ్ల సీసా, సగంలో వదిలిన లెక్కలు ఆ కోవలోకి వస్తాయి.

ఆటిజం సంగతి కొంచెం వేరు. అక్కడ ఒక విషయం మీద అసాధారణమైన గాఢతతో కూడిన ఆసక్తి నిర్ధారణ ప్రమాణాల్లోనే ఒకటి. దీన్ని వివరించడానికి డైనా మర్రే, మైక్ లెసర్, వెన్ లాసన్ 2005లో మోనోట్రోపిజం అనే సిద్ధాంతాన్ని ఒక పరిశోధన పత్రంగా ప్రచురించారు. వీరిలో లాసన్ ఆటిజం ఉన్న మనస్తత్వవేత్త, మర్రే కూడా తనను ఆటిజం ఉన్న వ్యక్తిగానే గుర్తించుకున్నారు. మనిషి ధ్యాసకు ఒక పరిమితి ఉంటుంది. చాలామందిలో అది ఒకే వేళలో పలు విషయాల మధ్య పలచగా పరుచుకుని ఉంటే, ఆటిజం ఉన్నవారిలో అది కొద్ది విషయాల్లోకే బలంగా ప్రవహిస్తుందన్నది ఆ సిద్ధాంత సారం. అలా ప్రవహిస్తున్నప్పుడు బయటి పిలుపుతో పాటు తన ఒంట్లోని ఆకలి, దాహం, మూత్రం వస్తున్న సూచన కూడా ఆ ప్రవాహం బయటే మిగిలిపోతాయి. పాప మిమ్మల్ని లెక్కచేయక పలకడం లేదనుకోకండి. మీ పిలుపు ఆమె దాకా చేరడం లేదు.

2013కి ముందు వాడుకలో ఉన్న ప్రమాణాల ప్రకారం ఒకే మనిషికి ఈ రెండు నిర్ధారణలూ కలిపి ఇచ్చే వీలు ఉండేది కాదు. ఇప్పుడు ఉంది. రెండూ ఉన్న పిల్లల్లో ధ్యాస ఒకచోట నిలవకపోవడం, ఒకచోట నుంచి కదలకపోవడం ఒకే రోజులో కనిపిస్తాయి. చూసేవారికి ఇది పరస్పర విరుద్ధంగా తోచడం సహజమే.

మీ ఇంట్లో ఇంకొక కారణం వల్ల కూడా పాప ఆటిజం మరుగున పడి ఉండవచ్చని నా అనుమానం. ఒక అబ్బాయి రోజంతా ఫ్యాన్ల మోటార్ల గురించే మాట్లాడితే అందరూ గమనిస్తారు. ఆడపిల్ల ముగ్గులు వేస్తుంటే ఇంటిల్లిపాదీ ముచ్చటపడతారు. ఆటిజం ఉన్న ఆడపిల్లల ఆసక్తులు చాలాసార్లు మామూలు పిల్లల ఇష్టాల్లాగే కనిపిస్తాయి కాబట్టి వాళ్లను గుర్తించడం ఆలస్యమవుతోంది. ఆసక్తి ఏ వస్తువు మీద అన్నదానికంటే, అది ఎంత గాఢంగా ఉంది, దాన్నుంచి బయటికి రావడం ఎంత కష్టంగా ఉంది అన్నవే చూడాలి.

డాక్టరుగారిని కలిసినప్పుడు మూడు విషయాలు అడగండి. మొదటిది వినికిడి. పిలిస్తే పలకని ప్రతి పిల్లకూ ఒకసారి వినికిడి పరీక్ష చేయించడం మంచిది. రెండోది మూర్ఛ. ఆటిజం ఉన్నవారిలో అది ఇతరుల కంటే ఎక్కువగా వస్తుంది. అందులో యాబ్సెన్స్ అనే రకంలో పాప కొన్ని సెకన్లపాటు శూన్యంలోకి చూస్తూ, చేతిలో పని ఆపేసి, భుజం తట్టినా స్పందించకుండా ఉండిపోతుంది. హైపర్‌ఫోకస్‌లో చేయి ఆగదు, గీత సాగుతూనే ఉంటుంది. కాబట్టి పెన్సిలు ఆగిపోయి చూపు నిలిచిపోయిన క్షణాలు ఉన్నాయేమో గమనించండి. మూడోది, పాప ఏడీహెచ్‌డీకి మిథైల్‌ఫెనిడేట్ వంటి మందు వాడుతుంటే అది ఆకలిని తగ్గిస్తుంది. ముగ్గులో పడి తినడం మరిచిపోయే పిల్లకు ఇది తోడైతే బరువు తగ్గవచ్చు. ఎత్తు, బరువు క్రమం తప్పకుండా రాసి ఉంచండి. మూత్రం అదేపనిగా బిగపట్టడం వల్ల ఇన్ఫెక్షన్లు వచ్చే ప్రమాదం ఉంది కాబట్టి, మీరు రాసిన వాటన్నిటిలో నేను ముందుగా పట్టించుకునేది అదే.

సమాధానం 2: ఏడీహెచ్‌డీ, ఆటిజం రెండూ ఉన్న ఒక ఉద్యోగిని, హైదరాబాద్

నాకు ముప్పై ఏళ్లు దాటాక నిర్ధారణ అయింది. సాఫ్ట్‌వేర్ పరీక్షించే ఉద్యోగం చేస్తున్నాను. మీ పాప లోపల ఏం జరుగుతోందో నాకు తెలిసిన మేరకు రాస్తాను, ఎందుకంటే 11 ఏళ్ల వయసులో నేను దాన్ని ఎవరికీ చెప్పలేకపోయాను.

ఆ స్థితిలో ఉన్నప్పుడు మనసు నిశ్శబ్దంగా ఉంటుంది. మిగతా రోజంతా ట్యూబ్‌లైటు గీ అనడం, ఎవరో కుర్చీ లాగడం, చొక్కా లేబుల్ మెడకు గుచ్చుకోవడం, నిన్న ఎవరో అన్న మాట, రేపు చేయాల్సిన పని అన్నీ ఒకే బలంతో మీదికి వస్తుంటాయి. నచ్చిన పనిలోకి దిగాక అవన్నీ తగ్గిపోయి ఒక్కటే మిగులుతుంది. మీ పాప బడిలో ఆరు గంటలు గడిపి వచ్చి పెన్సిలు పట్టుకుంటోందంటే, అది ఆమెకు విశ్రాంతి కూడా అయి ఉండవచ్చు. దాన్ని చదువుకు అడ్డుపడే వ్యసనంగా చూడవద్దని మిమ్మల్ని బతిమాలుకుంటున్నాను.

అందులోంచి హఠాత్తుగా లాగితే కలిగేది కోపం మాత్రమే కాదు. మెలికల ముగ్గులో గీత ఎక్కడా తెగకుండా చుక్కల చుట్టూ తిరిగి మొదలుపెట్టిన చోటికే చేరాలి. ఆ దారి అంతా ఆమె తలలో ఉంటుంది. మధ్యలో పుస్తకం లాక్కుంటే అది చెదిరిపోతుంది, దానితో పాటు ఒక్కసారిగా శబ్దాలు, వెలుతురు, ఆకలి, మూత్రం, మీ గొంతులోని విసుగు అన్నీ కలిసి మీద పడతాయి. మీరు చూస్తున్న ఏడుపు దాని ఫలితమేనని నా అభిప్రాయం.

ఇంకో సంగతి చాలామందికి తెలియదు. ఆగాలనుకున్నా ఆగలేని సమయాలు ఉంటాయి. కడుపు మాడుతోందని తెలుస్తూనే ఉంటుంది, లేవాలని నాకు నేను చెప్పుకుంటూనే ఉంటాను, చేయి మాత్రం కదలదు. ఆటిజం ఉన్న పెద్దవారు దీన్ని ఇనర్షియా అంటారు. 2021లో బ్రిటన్‌లో వెలువడిన ఒక అధ్యయనంలో, పని మొదలుపెట్టడానికీ ఆపడానికీ తమకు ఇంకో మనిషి సహాయం కావలసి వస్తుందని ఆటిజం ఉన్నవారు చెప్పారు. హోంవర్కు మొదలుపెట్టలేకపోవడం, ముగ్గు ఆపలేకపోవడం రెండూ ఒకే చిక్కు. టీచరుగారికి ఈ మాట చెప్పి చూడండి. మొండితనమే అయితే తనకు ఇష్టమైన పనిలో ఉండి కూడా ఆకలితో మాడవలసిన అవసరం ఆ పిల్లకు ఉండదు కదా.

బయటికి తీసుకురావడం ఎలా అని అడిగారు. మా ఇంట్లో నా భర్త చేసే పద్ధతి చెబుతాను. వంటింట్లోంచి పిలవరు. నాకు కనిపించేలా పక్కకు వచ్చి కూర్చుంటారు. కాసేపు మాట్లాడకుండా నేను చేస్తున్నదాన్ని చూస్తారు, తర్వాత దాని గురించే ఒక మాట అడుగుతారు. ఆ మాటకు నేను జవాబు చెప్పానంటే ధ్యాసలో కొంత భాగం బయటికి వచ్చిందని అర్థం. అప్పుడు, ఎక్కడ ఆపుతావు అని అడుగుతారు. ఎక్కడ ఆపాలన్నది నేనే నిర్ణయించుకుంటాను కాబట్టి ఆపగలుగుతాను.

మీ పాపకు ఐదు నిమిషాలు అని చెప్పడం వల్ల ప్రయోజనం ఉండకపోవచ్చు, ఎందుకంటే ఆ స్థితిలో ఐదు నిమిషాలకూ గంటకూ తేడా తెలియదు. ఈ మెలిక తిరిగి వచ్చాక, ఈ వరుస పూర్తయ్యాక అని ముగ్గు కొలతలోనే చెప్పండి. సగంలో ఆపవలసి వస్తే ఫోనుతో ఒక ఫోటో తీయించి, తర్వాత గీత ఎటు వెళ్లాలో చిన్న బాణం గుర్తు పెట్టుకోనివ్వండి. దారి పోలేదన్న భరోసా ఉంటే వదలడం తేలికవుతుంది. నీళ్ల గ్లాసు ఆమె చేతికి తగిలేంత దగ్గరలో పెట్టండి. ఉప్మా బదులు చేతితో తీసుకుని తినగలిగే ఇడ్లీ ముక్కో అరటిపండో పెట్టండి. బాత్‌రూమును మాత్రం బడి నుంచి రాగానే, పెన్సిలు పట్టుకోకముందే జరిగే పనుల వరుసలో చేర్చండి. మునిగాక గుర్తుచేయడం కంటే మునగకముందు చేయించడం చాలా సులువు.

ఆపిన వెంటనే లెక్కల పుస్తకం ముందు పెట్టకండి. మధ్యలో ఉయ్యాల ఊగడమో, డాబా మీద నాలుగు అడుగులు వేయడమో ఉండాలి. హైపర్‌ఫోకస్ ముగిశాక ఒళ్లు, మెదడు రెండూ అలసిపోయి ఉంటాయి.

సమాధానం 3: స్పెషల్ ఎడ్యుకేటర్, వరంగల్

పైన రాసిన ఇద్దరి మాటలతోనూ ఏకీభవిస్తూ, ప్రోత్సహించాలా, హద్దు పెట్టాలా అన్న మీ మూడో ప్రశ్నకు జవాబు చెప్పే ప్రయత్నం చేస్తాను.

మీ పాప లెక్కలు చేయడం లేదని టీచరుగారు అంటున్నారు. కానీ పాప రోజూ సాయంత్రం చేస్తున్నది చాలావరకు గణితమే. 15 చుక్కలతో మొదలుపెట్టి, సందు చుక్క పెట్టుకుంటూ ఒక్కో వరుసకు ఒక్కో చుక్క తగ్గిస్తూ అటూ ఇటూ 1 వరకు వెళ్లే ముగ్గు తీసుకోండి. దానిలో మొత్తం చుక్కలు 225, అంటే 15 ఇంటూ 15. అదే 7 చుక్కలతో మొదలుపెడితే 49. ఏ సంఖ్యతో మొదలుపెట్టినా మొత్తం ఆ సంఖ్య వర్గమే అవుతుంది. ఎదురు చుక్కలతో 15, 13, 11 అని రెండేసి తగ్గిస్తూ అటూ ఇటూ 1 వరకు వెళ్తే మొత్తం 113 వస్తుంది. అది 7 వర్గం, 8 వర్గం కలిపిన మొత్తం. ఆరో తరగతి పిల్లకు వర్గ సంఖ్యలు, బేసి సంఖ్యల శ్రేణి, సౌష్ఠవం ఇంతకంటే సహజంగా పరిచయం చేసే దారి నాకు తెలియదు. మద్రాస్ క్రిస్టియన్ కాలేజీలో పనిచేసిన గిఫ్ట్ సిరోమణి, ఆయన సహచరులు 1970లలో తమిళనాడు ముగ్గులను ఆధారం చేసుకుని కంప్యూటర్ శాస్త్రంలో చిత్ర వ్యాకరణాల (బొమ్మలను నియమాలతో వర్ణించే పద్ధతుల) మీద పరిశోధన పత్రాలు ప్రచురించారు. ముగ్గు గీసే పిల్ల మెదడు ఖాళీగా లేదని టీచరుగారికి చెప్పడానికి ఈ ఒక్క ఉదాహరణ చాలు.

ఇక జాగ్రత్త. ఇష్టమైన పనిని పాఠంగా మార్చడంలో ఒక ప్రమాదం ఉంది. ప్రతి ముగ్గు దగ్గరా ఇందులో ఎన్ని చుక్కలున్నాయో చెప్పు అని పెద్దలు అడగడం మొదలుపెడితే, కొద్దికాలానికే పిల్లలు పుస్తకం దాచుకుంటారు. నేను చూసిన పిల్లల్లో ఇది తరచుగా జరిగింది. అందుకని లెక్కల పుస్తకంలోకి ముగ్గును తీసుకురండి, ముగ్గుల పుస్తకంలోకి లెక్కను తీసుకువెళ్లకండి. హోంవర్కు మొదటి లెక్కను చుక్కల మీద తయారుచేసి ఇస్తే మొదలుపెట్టడంలో ఉన్న కష్టం కొంత తగ్గుతుంది. మొదలైతే మిగతా రెండు మూడు లెక్కలు సాగే అవకాశం ఉంటుంది. ఆమె సాయంత్రపు ముగ్గు మాత్రం ఆమెదిగానే ఉండనివ్వండి.

హద్దు అవసరమే, కానీ అది ముగ్గు మీద కాదు, శరీరం మీద ఉండాలి. నిద్ర, తిండి, నీళ్లు, బాత్‌రూము, కళ్లకు విశ్రాంతి సవ్యంగా జరిగిపోతుంటే మిగతా సమయం ఆమె ముగ్గుల్లో గడపడంలో నాకు తప్పేమీ కనిపించదు. రోజు క్రమాన్ని బొమ్మలతో ఒక అట్ట మీద గీసి గోడకు పెట్టండి. అందులో ముగ్గుకు కూడా చోటు చూపించండి. ముగ్గు తప్పక వస్తుందని కనిపిస్తుంటే దానికోసం ఆరాటపడడం తగ్గుతుంది. శబ్దాలు పడని పిల్ల అంటున్నారు కాబట్టి అలారం మోగే టైమర్ బదులు, రంగు తరుగుతూ కనిపించే టైమరో ఇసుక గడియారమో వాడండి.

బడి గురించి ఒక మాట. 2016 వికలాంగుల హక్కుల చట్టంలోని 21 వైకల్యాల జాబితాలో ఆటిజం ఉంది, ఏడీహెచ్‌డీ లేదు. మీ పాపకు రెండూ ఉన్నాయి కాబట్టి ఆటిజం ధ్రువపత్రం కోసం ప్రభుత్వ మెడికల్ బోర్డును సంప్రదించండి. దానికి వాడే ఐఎస్ఏఏ అనే, ఆటిజాన్ని అంచనా వేసే 40 అంశాల కొలమానాన్ని మన సికింద్రాబాద్‌లోని మేధో వైకల్యాల జాతీయ సంస్థే రూపొందించింది. ధ్రువపత్రం ఉంటే పరీక్షల్లో అదనపు సమయం వంటి సదుపాయాలు అడిగే హక్కు వస్తుంది. ధ్యాసను ఒక ప్రశ్న నుంచి ఇంకో ప్రశ్నకు మళ్లించడం కష్టమైన పిల్లలకు ఆ సమయం నిజంగా అవసరం.

సమాధానం 4: ఇద్దరు పిల్లల తల్లి, గుంటూరు

మా పెద్దవాడికి ఆటిజం ఉంది, వాడికి బస్సు రూట్లంటే ఇష్టం. నాకు తెలిసిన ఒక్క విషయమే రాస్తాను. హోంవర్కు చేస్తేనే ముగ్గుల పుస్తకం ఇస్తాను, లేకపోతే లేదు అనే పద్ధతి మీకు చాలామంది చెబుతారు. మాకూ చెప్పారు. మామూలు పిల్లలకు చాక్లెట్ ఆపినట్టు ఇది ఉండదు. ఆ పిల్లలకు రోజంతటినీ తట్టుకోవడానికి ఉన్న ఒకే ఒక ఆధారాన్ని ఆపినట్టవుతుంది. దానివల్ల హోంవర్కు పెరగదు, పుస్తకం పోతుందేమోనన్న భయం పెరిగి, దొరికినప్పుడు ఇంకా గట్టిగా పట్టుకుంటారు. ముగ్గును బహుమానంగానూ వాడకండి, శిక్షగానూ వాడకండి.

మీ అమ్మగారి గురించి కూడా ఒక మాట చెప్పాలనిపిస్తోంది. ఆవిడ డాక్టర్ల మాట నమ్మకపోవడానికి వెనక మనవరాలి మీద ప్రేమే ఉంది. వాదించి ఒప్పించే బదులు, సాయంత్రం పాప పక్కన కూర్చునే పనిని ఆవిడకే అప్పగించి చూడండి. ముగ్గు భాష ఆవిడకు వచ్చినంతగా మీకు రాదు. ఎక్కడ మెలిక ముగుస్తుందో, ఎక్కడ ఆపితే పాపకు బాధ కలగదో ఆవిడకే తెలుస్తుంది.

ప్రశ్న అడిగినవారు మళ్లీ

ఇంత ఓపికగా రాసినందుకు మీ అందరికీ కృతజ్ఞతలు. వినికిడి పరీక్షకు అపాయింట్‌మెంట్ తీసుకుంటున్నాము, బరువు కూడా డాక్టరుగారికి చూపిస్తాము. మా అమ్మకు ఈ సమాధానాలన్నీ చదివి వినిపించాను. నిర్ధారణ సంగతి ఇంకా పూర్తిగా ఒప్పుకోలేదు గానీ, సాయంత్రాలు తానే కూర్చుంటానని అంది.

ఇంకొక్క విషయం అడగాలి. పాప ముగ్గులు చూసిన బంధువులు, వచ్చే సంక్రాంతికి మా కాలనీలో జరిగే ముగ్గుల పోటీలో పేరు ఇవ్వమని ఒత్తిడి చేస్తున్నారు. నలుగురిలో మెప్పు వస్తే ధైర్యం పెరుగుతుందని వాళ్ల ఆలోచన. పంపించవచ్చా?

సమాధానం 5: హైదరాబాద్ ఉద్యోగిని

ఈ ప్రశ్నకు జవాబు పాపే చెప్పాలి. కానీ ఆమె జవాబు చెప్పగలగాలంటే పోటీ ఎలా ఉంటుందో ముందుగా తెలియాలి. ఇంట్లో ముగ్గు వేసేటప్పుడు ఆమెను నడిపించేది ఆ ముగ్గే. పోటీలో గంట మోగగానే మొదలుపెట్టాలి, సమయం అయిపోగానే సగంలో ఉన్నా చేయి తీసేయాలి, మైకులో పాటలు వస్తుంటాయి, పైన నిలబడి నలుగురు చూస్తుంటారు. కాగితం మీద పెన్సిలుతో వేసే పిల్లకు నేల మీద వంగి పిండితో వేయడం వేరే నైపుణ్యం కూడా. బాగా వేయగలిగిన పిల్లే అక్కడ చుక్క కూడా పెట్టలేకపోవచ్చు, అప్పుడు మెప్పు కోసం వెళ్లిన చోట నిరాశ ఎదురవుతుంది.

కాబట్టి ఈ విషయాలన్నీ ఉన్నవి ఉన్నట్టు పాపకు చెప్పండి, మాటలతో కాకపోతే బొమ్మలు గీసి చెప్పండి. వీలైతే ఈ లోపల కాలనీలో ఏదైనా కార్యక్రమం జరిగేటప్పుడు ఆ మైదానానికి ఒకసారి తీసుకువెళ్లి, ఆ శబ్దం ఎంత ఉంటుందో తెలుసుకోనివ్వండి. వెళ్తానంటే నిర్వాహకులతో ముందే మాట్లాడి, స్పీకర్లకు దూరంగా ఒక మూల గడి అడగండి, చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకోనివ్వమనండి, సమయం ముగిశాక కూడా మెలిక పూర్తిచేసుకునే వీలు ఇమ్మనండి. బహుమతి లెక్కలోకి రాకపోయినా ఫరవాలేదని మీరు చెబితే వాళ్లు చాలావరకు ఒప్పుకుంటారు. వద్దంటే బంధువులకు మీరే వద్దని చెప్పండి, ఆ మాట ఆమె చేత చెప్పించకండి. పండగ రోజు తెల్లవారుజామున మీ ఇంటి వాకిట్లో నాయనమ్మ చుక్కలు పెడుతుంటే గీత కలపడానికి వస్తావా అని మాత్రం అడిగి చూడండి.